రెండు కుంపట్ల మధ్య మబ్బు

గాలినెల 5

అక్కా,

ఈ ఉత్తరం ఇవాళే రాయక తప్పడం లేదు. నా నిప్పు దాచిన బూడిద పెట్టె వాగులో పడిందని బండివాడు ఊరంతా చాటే లోపు ఆ సంగతి నీకు నేనే చెప్పాలి. అతని నోట్లో పడితే పెట్టెతో పాటు నేనూ కొట్టుకుపోయి ఉంటాను.

నేను క్షేమం. కొండదారి దిగాక రెండో వాగు దగ్గర బండి ఒరిగింది. నేను బట్టల మూట వదిలేసి పెట్టె కోసం మోకాలి లోతు నీళ్ళలోకి దిగాను. "అమ్మా, బతికుంటే నిప్పు ఎక్కడైనా దొరుకుతుంది, ముందు గట్టెక్కు!" అని బండివాడు అరుస్తూనే ఉన్నాడు. నిప్పు ఎక్కడైనా దొరకవచ్చు. నేను పుట్టిన రోజున అమ్మ నా పేరు మీద వెలిగించిన నిప్పు ఎక్కడ దొరుకుతుంది? పెట్టె చేతికి చిక్కింది. మూత తీస్తే బూడిద తడిసి ముద్దయి ఉంది. ఇంతకు మించి రాయను. కొత్త చోట నిప్పు మాట మూడు పున్నములు దాటేదాకా చెప్పకూడదు, అడగకూడదు, చెబితే దిష్టి అని నువ్వే కదా నేర్పావు.

నేను బయల్దేరిన మూడో రోజున అక్కడి నా కుంపటి ఆర్పి మట్టి కప్పి ఉంటావు. ఆ పూట నువ్వు అన్నం తిన్నావో లేదో అని దారంతా అనుకున్నాను.

ఇక్కడ గది దొరికింది. పై అంతస్తు, ఒకటే కిటికీ. కిటికీ తెరిస్తే వాన, మూస్తే చెమ్మ. గోడ మీద ఆకుపచ్చటి బూజు చూపించి "ఇదేమిటండీ?" అన్నాను. "బూజు కాదమ్మా, రంగు. ఏటా అదే వేసుకుంటుంది, మాకు ఖర్చు లేదు" అంది ఇంటావిడ. ఈ పట్నంలో రోజూ ఎవరో ఒకరు పుడుతూనే ఉంటారు, రోజూ ఒక కొత్త కుంపటి. మబ్బులు ఒకదాన్నొకటి తోసుకుంటూ ఇళ్ళ మీదికి వస్తుంటాయి. గొడుగు లేకుండా నడిచేవాణ్ణి ఇంతవరకు చూడలేదు.

మబ్బుల కచేరీలో నన్ను ప్రస్తుతానికి పరీక్ష మీద తీసుకున్నారు. మొదటి రోజు పెద్ద అధికారి గారు మమ్మల్ని బల్లల మీద కూర్చోబెట్టి పాఠం చెప్పారు. "ప్రతి ఊరికీ ఒక మబ్బు. ఆ ఊళ్ళో అందరికంటే చిన్నవాళ్ళ కుంపటి ఎక్కడుంటే మబ్బు ఆ ఇంటి మీద నిలుస్తుంది. ఆ ఇంటి నుంచే ఊరంతటికీ వాన." నాకు నవ్వు ఆగలేదు. ఇది మన ఊళ్ళో పాలు తాగే పిల్లలకి కూడా తెలుసు. పాలు తాగే పిల్లలు లేరనుకో, ఆఖరున పుట్టింది నేనే కాబట్టి. ఇరవై ఏళ్ళు మన ఇంటి మీద కూర్చున్న మన బర్రె మబ్బు ఇప్పుడు ఎవరింటికి మారింది? వడ్రంగి వాళ్ళింటికేనా? ఆయన కొడుకు నాకంటే ఏడాదే పెద్ద. వాళ్ళ పెంకులు కారతాయి, పాపం. చెప్పి ఉండాల్సింది.

బావకి నమస్కారాలు. నువ్వు తుంగ చీల్చేటప్పుడు చేతికి గుడ్డ చుట్టుకో.

నీ పిచ్చుక

గాలినెల 19

పిచ్చుకా,

ముందుగా టపా మామ మాట: మీ అక్క చెప్పింది చెప్పినట్టు రాయడం నా వృత్తి ధర్మం. తిట్లు కూడా మినహాయించను.

నీ ఉత్తరం అందింది. బండివాడు దానికి ముందే వచ్చాడు. నువ్వు మునిగావని, తేలావని, ఒక చెయ్యి మాత్రం కనపడిందని చెప్పి మీ బావని ఏడిపించాడు. నేను ఏడవలేదు. పెట్టె కోసం దూకావంటే నువ్వు నా చెల్లెలివే. కానీ బట్టలన్నీ వాగుకి ఇచ్చేసి కచేరీకి ఏం కట్టుకుని వెళ్తావే, తింగరిదానా? రెండు చీరలు పంపుతున్నా. నీలంది నాది, చింపకు.

రాయకూడని సంగతి రాయలేదు, మంచిది. నేనూ అడగను. బూడిద ముద్దయిందన్నావు, నాకు అర్థమైంది. బాధపడకు. ఇక్కడ నీ చోటు నీకుంది, వేడిగానే ఉంది. ఇంతకంటే నేను కూడా చెప్పకూడదు.

మన బర్రె గురించి బెంగ పెట్టుకోకు. దాని తీరు నీకు తెలియంది కాదు. మీ బావ తుంగ మడుగులో దిగి ఏదో తవ్వుతున్నాడు. ఆయనకి పని లేకపోతే పార పట్టుకుంటాడు కదా.

బాగా చదువు, బాగా రాయి. మన ఇంట్లో అక్షరం ముక్క వచ్చింది నీ ఒక్కదానికే. నీ పేరు చెప్పుకుని నేను బావి దగ్గర ఎంత గొప్పలు పోతున్నానో తెలిస్తే నీకు సిగ్గేస్తుంది. నీకు బాగా జరగకపోయినా నా దగ్గర సిగ్గుపడక్కర్లేదు.

అక్క

టపా మామ మాట: ఆఖరి వాక్యం రెండుసార్లు చెప్పించుకుని రాశాను. సరిగ్గానే ఉంది.

మంచునెల 8

అక్కా,

నీ తిట్లు అందాయి. చదువుతూ నవ్వుతుంటే ఇంటావిడ తలుపు కొట్టి, "ఒక్కదానివే నవ్వుతున్నావు, ఒంట్లో బాగుందా?" అని అడిగింది. నీలం చీర కట్టుకుని కచేరీకి వెళ్ళాను. తడవకముందు చాలా బాగుంది.

నా చోటు వేడిగా ఉందన్నావు. నా పరుపు మీద పిల్లిని పడుకోబెడుతున్నావా? ఆ బూడిదరంగు దానికి ఒకసారి చనువిస్తే ఇక నేను వచ్చినా లేవదు.

పరీక్ష గడువు ఎప్పుడో తెలిసింది. మూడు పున్నములు దాటాక అధికారి గారు మా గదులకి స్వయంగా వస్తారట. ఈ పట్నంలో సొంత నిప్పు ఉన్నవాళ్ళకే ఉద్యోగం ఖాయం చేస్తారు. "కాలు ఒకచోట, కుంపటి ఒకచోట ఉన్నవాణ్ణి నమ్మి మబ్బులు అప్పగించలేం" అంటారు ఆయన. ఎంత మందిని ఖాయం చేస్తారో తెలియదు. మాలో ఒకరినే అని కొందరంటున్నారు.

నీకు నవ్వొచ్చే సంగతి ఒకటి చెబుతాను. కొండదారి మధ్యలో, ఇటూ అటూ ఏ ఊరూ లేని చోట, ఒక మబ్బు వచ్చి ఆగింది. నల్లగా, బరువుగా, దారికి అడ్డంగా పడుకుని రాళ్ళ మీద కురుస్తోందట. వంటింట్లోకి ఎందుకొచ్చామో మరిచిపోయి గుమ్మంలో నిలబడే మనిషిలా ఉందని బండ్లవాళ్ళు చెబుతున్నారు. అది ఏ ఊరిదో కనిపెట్టే పని నాకు అప్పగించారు. ఒకే నిప్పు రెండు చోట్ల మండుతుంటే మబ్బు ఆ రెండింటికీ మధ్య నిలిచిపోతుందని మా పుస్తకంలో ఉంది. పైకి చదివి వినిపిస్తే గదంతా నవ్వింది. మూడో రోజున కుంపటి ఆర్పడం మరిచిపోయే తెలివితక్కువ ఇల్లు ఎక్కడైనా ఉంటుందా?

కొండదారి చుట్టూ ఉన్న ఊళ్ళన్నిటికీ ఉత్తరాలు రాశాను. మన ఊరికి రాయలేదు. మన బర్రె సంగతి నువ్వే చెప్పావు కదా. విత్తునెల మొదటి వారం దాకా ఏ ఊరూ తనదని చెప్పకపోతే, పట్నం అవతల కడుతున్న కొత్త పేటకి దాన్ని తోలుకొస్తారు. కొండ దిగువన వంద మంది పసిపిల్లల కుంపట్లు ఒకేసారి వెలిగిస్తారట. అంత పిలుపుకి ఏ మబ్బయినా దిగి వస్తుంది.

చాప ఒకటి పంపగలవా? ఇక్కడి నేల నిద్రలో కూడా వీపుకి చల్లగా తగులుతోంది.

నీ పిచ్చుక

మంచునెల 22

పిచ్చుకా,

నీ ఉత్తరం అందింది. చాప పంపుతున్నా.

మందిలో కూర్చుని ఒకరి గొడ్డుని చూసి నవ్వకూడదు. దాన్ని పోగొట్టుకున్నవాళ్ళు ఎక్కడో ఒకచోట ఉంటారు. చదువుకున్నదానివి, నీకు నేను చెప్పాలా?

టపా మామ మాట: ఇక్కడ మీ అక్క లేచి గుమ్మం దాకా వెళ్ళి కొండవైపు చూసి వచ్చింది. నేను రెండు గ్లాసుల నీళ్ళు తాగాను. రెండో గ్లాసు అడిగితే మీ బావ కొంచెం ఆలోచించి ఇచ్చాడు.

మామా, అది రాయకు. పిచ్చుకా, పరీక్ష గురించి మనసు పాడుచేసుకోకు. మూడు పున్నముల తర్వాత ఆయన వచ్చి చూసి ఏమన్నా అననీ. ఇక్కడ నీ చోటు ఎక్కడికీ పోదు. బండి ఎక్కి వచ్చెయ్. నువ్వు నేర్చుకున్నది ఇక్కడా పనికొస్తుంది. వడ్రంగి నిన్ను అడిగాడు, ఊరందరి ఉత్తరాలూ రాసిపెడతావా అని. టపా మామకి కోపమొచ్చిందనుకో.

నేను మగ్గం దగ్గర ఎక్కువసేపు కూర్చోవడం లేదు. నడుం లాగుతోంది. నువ్వేమీ అనుకోకు.

అక్క

చిగురునెల 16

అక్కా,

ఇంతకాలం రాయనిది కోపంతోనే. నీ ఉత్తరం పదిసార్లు చదివాను. నేను చేసిన తప్పేమిటో తెలియలేదు. పరీక్షలో ఓడిపోతానని నువ్వు మొదటినుంచే ఎందుకు అనుకుంటున్నావో కూడా తెలియలేదు. "నీకు బాగా జరగకపోయినా" అని గాలినెలలో, "వచ్చెయ్" అని మంచునెలలో. నన్ను బడికి పంపమని నాన్నతో మూడు రోజులు మాట్లాడకుండా కూర్చున్నది నువ్వే కదా. ఇప్పుడు నా మీద నమ్మకం ఎక్కడ పోయింది?

చాప కూడా కోపంలోనే నేసినట్టుంది. మూడో రాత్రికే అంచులు విరిగాయి. తుంగ నానబెట్టకుండా నేశావా? నీ చేతి చాప విరగడం నేను ఎప్పుడూ చూడలేదు. ఇంటావిడ చూసి "మీ అక్కయ్య కొత్తగా నేర్చుకుంటోందా?" అంది. ఆవిడతో రెండు రోజులు మాట్లాడలేదు.

ఇప్పుడు నీ అనుమానం తీరుస్తాను. నిన్నటితో మూడో పున్నమి దాటింది, ఇక చెప్పవచ్చు. ఆ రోజు పెట్టెలో పై బూడిదే తడిసింది. గదికి వచ్చాక గరిటెతో తవ్వుతూ పోతే అడుగున కందిగింజంత నిప్పు ఎర్రగా ఉంది. ఊపిరి బిగబట్టి ఊదాను. ఊపిరి బిగబట్టి ఎలా ఊదావే అని అడగకు, ఊదాను. ఆ సాయంత్రమే అంటుకుంది. ఒక్క రోజు కూడా ఆరలేదు. ఈ ఉదయం అధికారి గారు గొడుగు దులుపుకుంటూ వచ్చి, నా కుంపటి ముందు చేతులు కాచుకుని, "ఎక్కడిదమ్మా ఈ నిప్పు? ఇంత నిలకడగా ఉంది" అన్నారు. "మా అమ్మ వెలిగించింది, మా అక్క కాపాడింది" అన్నాను. ఒకరినే ఖాయం చేస్తారట. ఆ ఒకరు నేనే అక్కా!

ఒక్క పని మిగిలింది. కొండదారి మబ్బు మాదని ఏ ఊరూ రాయలేదు. దానికి యజమాని లేరని నేను సంతకం పెడితే విత్తునెల ఎనిమిదిన పసిపిల్లల కుంపట్లు వెలిగిస్తారు. అదే రోజు నాకు ఖాయం కాగితం ఇస్తారు.

ఇప్పటికైనా నా మీద నమ్మకం కలిగిందా?

నీ పిచ్చుక

చిగురునెల 22

పిచ్చుకా,

సంతకం పెట్టకు.

నీ నిప్పు అక్కడ బతికి ఉంటే ఇన్నాళ్ళూ పొద్దునా సాయంత్రం నేనిక్కడ ఎవరి కుంపటికి విసురుతున్నానే? బండివాడు వచ్చి పెట్టె మునిగిందన్నాడు, నువ్వు బూడిద ముద్దయిందన్నావు. నా చెల్లెలి నిప్పు పోయింది, ఈ భూమ్మీద దానికి మిగిలింది ఇక్కడున్నదొక్కటే అనుకున్నా. మూడో రోజున చేతిలో మట్టి పట్టుకుని కూడా మనసొప్పక రేపు, రేపు అనుకుంటుండగానే బండివాడు వచ్చాడు, ఆ మాట విన్నాక ఇక ఆర్పలేకపోయా. నీతో చెప్పకూడదు, నిన్ను అడగకూడదు. నువ్వూ చెప్పకూడదు. మంచి పద్ధతే పెట్టారు పెద్దవాళ్ళు! వాళ్ళల్లో ఎవరికీ చెల్లెళ్ళు లేరనుకుంటా.

ఆ దారికడ్డంగా పడుకున్నది మన బర్రే. నువ్వు నవ్వింది దాన్ని చూసే. నువ్వు వెళ్ళిన వారానికి మన ఇంటి మీద నుంచి లేచి కొండవైపు నడిచింది. నిన్ను వెతుక్కుంటూ పోయిందనుకున్నా. నాలుగు రోజులకి తిరిగొస్తుందనుకున్నా. ఆ తర్వాత ఒక్క చినుకు లేదు. మడుగు ఎండింది, మీ బావ తవ్వేది నీళ్ళ కోసమే. నానబెట్టడానికి చెంబుడు నీళ్ళు లేక తుంగ అలాగే నేశాను. మీ ఇంటావిడ అన్నదానిలో తప్పు లేదు. ఇదంతా రాస్తే నువ్వు చదువు వదిలి పరిగెత్తుకొస్తావని రాయించలేదు.

మీ ఉత్తరాలు మన ఊరికి రాలేదు కాబట్టి ఇక్కడెవరూ మాదని చెప్పలేదు. నిన్న నీ ఉత్తరం చదివించుకున్నాక వడ్రంగి ఇంటి అరుగు మీద అందరూ కూర్చున్నారు. మూడో రోజునే ఆర్పి ఉంటే బర్రె నిన్ను మరిచిపోయి వడ్రంగి కొడుకు కుంపటి మీద కూర్చునేది. మూడు పున్నములు దాటాక ఇక మరిచిపోదు. ఇప్పుడు రెండిట్లో ఒకటి ఆరాలి. ఇక్కడిది ఆరిపోతే అది నీ దగ్గరికొస్తుంది. అక్కడిది ఆరిపోతే మా దగ్గరికొస్తుంది, కానీ ఊళ్ళో నీకంటే చిన్నవాళ్ళు పుట్టేదాకా నీ నిప్పు ఇక్కడే ఉండాలి. అప్పుడు నీ ఉద్యోగం ఏమవుతుంది?

అందుకే నేనే ఆర్పుతా. బర్రెని నువ్వే ఉంచుకో. మేం కొండ అవతలి ఊరికి పోతాం, అక్కడా తుంగ ఉంటుంది. వడ్రంగికి చెప్పాను. ఆయన లేచి లోపలికి వెళ్ళిపోయాడు. నిన్ను చదివించింది ఇంటికి తిరిగి పిలిపించుకోడానికి కాదు. వచ్చే అమావాస్య సాయంత్రం ఆర్పుతా. నువ్వు దిగులుపడి పిచ్చి పనులేమీ చెయ్యకు.

అక్క

టపా మామ మాట: అమ్మాయీ, పైదంతా మీ అక్క చెప్పింది. కిందిది నాది. ఇన్నేళ్ళలో ఎవరి ఉత్తరంలోనూ చెప్పని మాట కలపలేదు, ఇవాళ కలుపుతున్నాను. మీ అక్కకి ఏడో నెల. ఇదివరకు ఒకసారి పోయింది కదా, అందుకని ఈసారి నీక్కూడా చెప్పొద్దని ఒట్టు వేయించుకుంది. ఆ పొట్ట వేసుకుని కొండ అవతలికి ఎలా నడుస్తుందో నాకు తెలియదు. ఇది రాశానని ఆమెకి చదివి వినిపించను. బండి నిలబెట్టి ఉంచాను, ఇక ఆపుతున్నాను.

చిగురునెల 28

అక్కా,

ఇది అందేసరికి అమావాస్య రాకూడదని బండివాడితో పోట్లాడి, పగటి బండికే ఇచ్చి పంపుతున్నాను. నువ్వు మట్టి చేతిలోకి తీసుకుని ఉంటే కింద పడెయ్. ఆర్పకు. ఇక్కడిది నేను ఆర్పేశాను.

నీ ఉత్తరం చదివి ముందు కచేరీకే వెళ్ళాను. అధికారి గారి బల్ల ముందు నిలబడి, "కొండదారి మబ్బుకి యజమాని దొరికిందండీ. మా ఊరు" అన్నాను.

ఆయన కళ్ళజోడు తీశారు. "మీ ఊరా? దాన్ని చూసి నవ్వింది నువ్వే కదమ్మా?"

"నేనే. ఒకే నిప్పు రెండు చోట్ల ఉంది. రెండూ నావే."

"తెలివితక్కువ ఇల్లు అన్నావు."

"అన్నానండీ. ఆ ఇంట్లోనే పెరిగాను."

ఆయన నవ్వలేదు, కోప్పడనూ లేదు. కొత్త పేటలో మూడొందల గడప కట్టారని, వాళ్ళందరూ ఆ మబ్బు మీద ఆశ పెట్టుకున్నారని చెప్పారు. అది నిజమే. ఆ పేట నేను చూశాను. గోడలు ఉన్నాయి, గోడ పక్కన ఒక్క మొక్క లేదు. మన ఊరొక్కటే ఊరు అని నేను అనలేకపోయాను. "నోటి మాటతో కుదరదు" అన్నారు చివరికి. "మబ్బు దానంతట అది మీ ఊరికి తిరిగి వెళ్ళిందని ఊరి నుంచి రాతమూలకంగా రావాలి. ఎనిమిదో తేదీ లోపు వస్తే కుంపట్లు వెలిగించను. రాకపోతే నా చేతిలో లేదు." నేను తలుపు దాకా వచ్చాక మళ్ళీ పిలిచారు. "నిప్పు ఆర్పుకున్న మనిషికి ఖాయం చేయలేను, తెలుసుగా? ఆ చోటు ఇంకొకరికి వెళ్తుంది. పరీక్ష మీద పై ఏడాది దాకా ఉండు, అంతవరకైతే చేయగలను." తెలుసు అన్నాను.

గదికి వచ్చి కుంపటి ముందు కూర్చున్నాను. నీకు నిజం చెబుతాను, వెంటనే ఆర్పలేదు. ఒకసారి టీ కాచుకున్నాను. ఇంకోసారి కాచుకున్నాను. నాకు ఇక్కడ నచ్చింది అక్కా. బూజు గోడ నచ్చింది, గొడుగుల రద్దీ నచ్చింది, నా పేరు రాసిన బల్ల నచ్చింది. మన ఊరి కోసం అన్నీ సంతోషంగా వదులుకున్నానని రాస్తే అది అబద్ధం అవుతుంది. ఇంటావిడ పైకి వచ్చి, "ఏంటమ్మా, కుంపటి ముందు ఏడుస్తున్నావు, పొగా?" అంది. పొగే అన్నాను. సంగతంతా విన్నాక ఆవిడే కిందికి వెళ్ళి ఒక దోసెడు మట్టి తెచ్చి నా పక్కన పెట్టింది. "నేను వెయ్యను. నీ నిప్పు, నువ్వే వెయ్యాలి" అంది. వేశాను. ఆవిడ ఆ తర్వాత తన కంబళి ఒకటి ఇచ్చింది. ఊళ్ళోవాళ్ళ కంటే తక్కువేం కాదు ఈవిడ.

నిన్న పొద్దున కొండదారి నుంచి వచ్చిన బండ్లవాడు, మబ్బు పొర్లి వేరే పక్కకి తిరిగిందన్నాడు. ఏ పక్కకి అంటే అతనికి తెలియలేదు. "నాకు దాని తల ఏదో తోక ఏదో తెలిస్తే కదా అమ్మా" అన్నాడు.

టపా మామని ఏమీ అనకు. ఆయన మాట తప్పకపోతే నేను ఇంకొక రోజు ఆలోచించేదాన్ని, ఆ రోజున నువ్వు ఆర్పేసేదానివి. అడగకూడని సంగతి నేను అడగను. నువ్వు ఎలా ఉన్నావని, కాళ్ళు వాస్తున్నాయా అని, రాత్రి ఏ పక్కకి తిరిగి పడుకుంటున్నావని ఒక్కటీ అడగను. నేను చెప్పేది మాత్రం విను. బరువు ఎత్తకు. నీళ్ళు బావ తెస్తాడు. మగ్గం ముడుచుకుని ఉంటే ఎవరూ ఏమీ అనరు. మన ఇంట్లో కొత్త కుంపటి వెలిగిన రోజున బర్రె దాని మీద కూర్చుంటుంది, అప్పుడు నా నిప్పుకి సెలవు. నేనే వచ్చి పెట్టెలో పెట్టుకుని తెచ్చుకుంటాను. ఆసారి మూడో రోజున నువ్వు తప్పకుండా ఆర్పాలి. దారిలో పెట్టె పడినా, నేను పడినా ఆర్పాలి. నీ చేతకాదంటే బావ చేత ఆర్పించు. నేను ఇక్కడికి చేరగానే అంటుకుందో లేదో మూడు పున్నములు ఆగకుండా అదే రోజు రాస్తాను. దిష్టి తగిలితే తగలనీ.

ఇప్పుడు నాకు ఒక్కటే కావాలి. ఈ ఉత్తరం విన్న వెంటనే బయటికి వెళ్ళి, తల ఎత్తి చూసి, ఉన్నది ఉన్నట్టు రాయించు. ఇంటి మీద మబ్బు ఉంటే ఉందని, కొండ దగ్గరే ఆగి ఉంటే ఆగిందని, అసలు కనపడకపోతే కనపడలేదని. నేను బాధపడతానని ఒక్క మాట కూడా మార్చకు. నన్ను కాపాడటానికి రాయించిన ఉత్తరాలు నా దగ్గర మూడు ఉన్నాయి, వాటి వల్లే ఇంత దూరం వచ్చాం. వచ్చిందని రాస్తే కింద వడ్రంగి, బావ ఇద్దరూ వేలిముద్ర వేయాలి, కచేరీలో చూపిస్తాను. రాలేదని రాస్తే అదీ నాకు తెలియాలి. కుంపట్లు వెలిగే రోజున నేను కొండ దిగువన ఉండి నా కళ్ళతో చూడాలి, ఆ తర్వాత నీ దగ్గరికి బండి ఎక్కాలి.

ఎనిమిదో తేదీ అంటే ఎనిమిదే, ఆయన ఒక్క పూట కూడా ఆగరు. అందుకని విత్తునెల ఆరో తేదీ సాయంత్రం బండికి నీ జవాబు నాకు చేరాలి. ఆ బండి కోసం నేను అడ్డాలో నిలబడి ఉంటాను.

నీ పిచ్చుక